కదలని దేవతను కల్పించడం ఎలా?

ఫాంటసీ కథలు రాసేవాళ్లకూ, నలుగురు చేరి, తలో పాత్ర ధరించి కథ నడిపించే రోల్ ప్లేయింగ్ గేమ్ ఆడుకునేవాళ్లకూ దేవుళ్ల కొరత ఉండదు. యుద్ధదేవుడు, అగ్నిదేవత, దొంగల దేవుడు, మృత్యువు... వీళ్లను ఒక్క సాయంత్రంలో తయారు చేసేయొచ్చు. వాళ్లు ఏదో ఒకటి చేస్తూ ఉంటారు కాబట్టి కథ దానంతటదే నడుస్తుంది. చిక్కంతా ఏమీ చేయని దేవతతోనే. నిశ్చలత్వానికి దేవత అనగానే చాలామంది గీసే బొమ్మ ఒకటే: మంచుకొండ మీద తెల్లబట్టల్లో కళ్లు మూసుకుని కూర్చున్న ముసలాయన. హీరో వెళ్తాడు, ఆయన ఒక సూక్తి చెబుతాడు, హీరో తిరిగొస్తాడు. ఈలోగా పాఠకుడు ఫోన్ తీసి చూసుకుంటూ ఉంటాడు.

శ్రీకాకుళం, విజయనగరం వైపు పెరిగినవాళ్లకు ఆ ముసలాయన అవసరం లేదు. కదలకుండా ఉంటూనే పని జరిపించేవి మన చుట్టూ చాలానే ఉన్నాయి. ఆ సరుకుతో ఒక మల్టీవర్స్, అంటే ఎన్నో లోకాల సముదాయం, మొత్తానికి సరిపోయే దేవతను కట్టే పద్ధతి చెబుతాను. ఉదాహరణకు ఆవిడ పేరు తేటమ్మ అనుకోండి. నచ్చకపోతే మార్చుకోండి కానీ, పేరు దగ్గరే వారం రోజులు కూర్చోవద్దు.

ముందుగా, ఏ నిశ్చలత్వమో తేల్చుకోండి

ఈ పనికి ఎక్కువ టైం ఇవ్వండి. మిగతావన్నీ దీని మీదే ఆధారపడతాయి.

వీలైతే ఎండాకాలంలో ఒక మధ్యాహ్నం శ్రీకాకుళం జిల్లా నౌపడ వైపు వెళ్లి ఉప్పుమడుల గట్టు మీద నిలబడండి. సముద్రపు నీళ్లలో లీటరుకు సుమారు 35 గ్రాముల ఉప్పు ఉంటుంది. ఆ నీళ్లను మడి నుంచి మడికి మళ్లిస్తూ ఎండకు ఇగరబెడతారు. మొదట పెట్టిన నీళ్లు దాదాపు పదో వంతుకు తగ్గేదాకా ఉప్పు గడ్డకట్టడం మొదలు కాదు. గాలి ఆడని పూట నీటి మీద పలచటి పూత తేలుతుంది. వంగి దగ్గరగా చూస్తే అది పొర కాదు, చిన్నచిన్న పలకలు. ఒక్కొక్కటీ నడుమ గుంట పడి, అంచులు మెట్లుమెట్లుగా పైకి లేచి, తలకిందులుగా పెట్టిన గోపురంలా ఉంటుంది. చిన్న అల లేచిందా, మునిగిపోతాయి. పెద్ద వాన పడిందా, పని మళ్లీ మొదటికి వస్తుంది. ఇక్కడ ఎవరూ ఏమీ చేయడం లేదు, అయినా ఒక వస్తువు పుడుతోంది. మీ దేవత ఇలాంటిదైతే ఆవిడ సృష్టికర్త. చేత్తో చేయదు, కదిలించకుండా ఉంచుతుంది, అంతే.

రెండోది తుపాను కన్ను. 2018 అక్టోబర్ 11న తెల్లవారుజామున తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటి ఉద్దానం కొబ్బరినీ జీడినీ ఎలా పడగొట్టిందో ఈ జిల్లాలో ఎవరికీ గుర్తు చేయనక్కర్లేదు. బలమైన తుపాను నడుమ సాధారణంగా ముప్పై నుంచి అరవై కిలోమీటర్ల వెడల్పున గాలి సద్దుమణిగిన చోటు ఒకటి ఉంటుంది. అది ఊరి మీదుగా పోయేటప్పుడు అంతా అయిపోయిందనిపిస్తుంది. తలుపు తీసి బయటికి వచ్చినవాడు మోసపోతాడు, ఎందుకంటే రెండో సగం ఎదురు దిక్కు నుంచి అదే జోరుతో వస్తుంది. ఇదీ నిశ్చలత్వమే. ఇందులో దయ లేదు.

మూడోది విజయనగరంలో విజయదశమి తర్వాత వచ్చే మంగళవారం నాడు కనిపిస్తుంది. పైడితల్లి అమ్మవారి సిరిమానోత్సవంలో యాభై అడుగులకు పైబడిన మాను చివర పూజారి కూర్చుంటాడు. మూడు లాంతర్ల దగ్గరి చదురుగుడి నుంచి కోట దాకా మూడుసార్లు ఆ మానును తిప్పుతారు. కింద జనసముద్రం, అరటిపళ్లు విసిరేవాళ్లు, డప్పులు, తోపులాట. ఆ కొసన కూర్చున్న మనిషి మాత్రం కదలడు, కానీ ఊరంతా తిరుగుతాడు. తన అంతట తాను కదలకుండా, తన చుట్టూ ఊరిని కదిలించే నిశ్చలత్వం ఇది.

ఇంకా కావాలంటే శ్రీకూర్మం ఉంది: మందరపర్వతం కుంగిపోతుంటే కింద నిలిచిన తాబేలు. అడుగున ఒకటి నిలబడితేనే పైన చిలకడం సాగుతుంది. రామతీర్థం గురుభక్తకొండ, శాలిహుండం బౌద్ధ స్తూపాల నిశ్శబ్దం వేరే రకం. నేనైతే వాటిని వాడను. ధ్యానంలో కూర్చున్న దేవుడి బొమ్మ మళ్లీ దొడ్డిదారిన లోపలికొస్తుంది.

వీటిలో ఒకదాన్ని బయటి ముఖంగా, ఇంకొకదాన్ని దాచిన ముఖంగా ఎంచుకోండి. తేటమ్మకు నేను ఉప్పుమడిని బయటి ముఖంగా, తుపాను కన్నును లోపలి ముఖంగా పెడుతున్నాను. ఒకే రకం తీసుకుంటే దేవత చదునుగా వస్తుంది. నాలుగూ కలిపితే ఏదీ మిగలదు.

ఒక జాగ్రత్త. నిజంగా పూజలందుకుంటున్న అమ్మవారిని పేరుతో సహా ఎత్తుకెళ్లి మీ ఆటలో పెట్టొద్దు. పద్ధతిని తీసుకోండి, పేరును వదిలేయండి. పక్కగదిలో అమ్మమ్మ ఉండగా "పైడితల్లికి ఎన్ని హిట్ పాయింట్లు?" అని, అంటే ఎన్ని దెబ్బలు తట్టుకోగలదని, ఎవడో అరిస్తే ఆ రోజు ఆట అక్కడితో ఆఖరు.

ఏది ఆగుతుంది, ఏది ఆగదు?

"ఆవిడ వస్తే అంతా ఆగిపోతుంది" అని రాసి ఊరుకుంటే తర్వాత ప్రతి సన్నివేశంలో ఇరుక్కుపోతారు. అంతా ఆగితే రక్తం కూడా ఆగాలి, అంటే అందరూ చచ్చిపోవాలి. శబ్దం గాలి కదలికే కాబట్టి అదీ పోతుంది. వెలుగు కూడా ఆగితే కంటికి ఏదీ చేరదు, ఇక వర్ణించడానికే ఏమీ మిగలదు. అందుకే గీత గీసుకోండి. తేటమ్మ సమక్షంలో ఊపిరి ఆడుతుంది, గుండె కొట్టుకుంటుంది, వెలుగు నడుస్తుంది. గాలి, నీరు, ఇసుక, విసిరిన వస్తువు ఆగుతాయి.

దీపం సంగతి విడిగా ఆలోచించండి, గర్భగుడి అన్నాక దీపం ఉంటుంది కాబట్టి. వేడెక్కిన గాలి పైకి పోయి, కింద నుంచి కొత్త గాలి రావడం వల్లే మామూలు మంట కోసుగా పైకి సాగుతుంది. ఆ రాకపోకలు లేకపోతే మంట గుండ్రంగా, నీలంగా, మసకగా అయిపోతుంది. అంతరిక్ష నౌకల్లో, భారరహిత స్థితిలో కొవ్వొత్తి వెలిగించి చూసినప్పుడు కనిపించింది ఇదే. కాబట్టి తేటమ్మ గుడిలో దీపం రేగిపండంత నీలి గోళంగా వెలగాలి. "అక్కడ గాలి నిశ్చలంగా ఉంది" అని మూడు వాక్యాలు రాయడం కంటే ఆ నీలి గోళం చూపించడం మేలు. ఆవిడ గుడి వదిలి వెళ్లిన రోజు దీపం మామూలుగా, పసుపుగా, రెపరెపలాడుతూ వెలుగుతుంది. భయపడాల్సింది అప్పుడే.

ఇక అసలు నియమం. ఆపిన కదలిక ఎక్కడికి పోతుంది? చాలామంది రచయితలు ఈ ప్రశ్న వేసుకోరు, అందుకే వాళ్ల దేవుళ్లకు ఖర్చు ఉండదు. ఖర్చు లేని శక్తి కథను చంపేస్తుంది. జవాబు తుపాను కన్నులో ఉంది: ఆపినది తర్వాత ఎదురు దిక్కు నుంచి వస్తుంది. తేటమ్మ ఆపిన బాణం ఆవిడ వెళ్లాక వెనక్కి, వేసినవాడి వైపు తిరుగుతుంది. ఆపిన వరద నది ఎగువకు పొంగుతుంది. మంచాన పడ్డ తండ్రి ప్రాణం పోకుండా కొడుకు మొక్కుకుని ఆపించాడనుకోండి, ఆ చావు ఎప్పుడో ఒకనాడు ఇంట్లో అందరికంటే చిన్నదాని వైపు నుంచి వస్తుంది. ఈ ఒక్క నియమం నుంచే పది కథలు రాలతాయి. రాసేటప్పుడు దాన్ని ఎక్కడా సడలించొద్దు, హీరో కోసమైనా సరే.

మల్టీవర్స్‌లో ఆవిడ స్థానం

ఒకే లోకమైతే దేవతకు ఒక గుడి, ఒక కొండ చాలు. వందల లోకాలు ఉన్నప్పుడు ఆవిడ ఎక్కడ ఉంటుంది, అన్నిచోట్లా ఒకటేనా అన్న ప్రశ్న వస్తుంది.

నా సలహా శ్రీకాకుళం దగ్గరి అరసవల్లి సూర్యదేవాలయం నుంచి తీసుకున్నది. అక్కడ ఏటా రెండుసార్లు, మార్చిలో ఒకసారి, అక్టోబర్‌లో ఒకసారి, ఉదయపు సూర్యకిరణాలు గర్భగుడిలోని స్వామి పాదాలను తాకుతాయి. గుడీ విగ్రహమూ ఉన్నచోటే ఉన్నాయి కాబట్టే సూర్యోదయం ఏడాదంతా ఉత్తరానికీ దక్షిణానికీ జరుగుతోందని మనకు తెలుస్తోంది. కదలనిది ఒకటి లేకపోతే కదిలేదాన్ని కొలవలేం. దీన్ని మల్టీవర్స్‌కు పెంచండి. ఒక లోకంలో పూట గడిస్తే ఇంకో లోకంలో నూరేళ్లు గడుస్తాయి. ఏది ముందు, ఏది వెనక అని తేల్చడానికి అన్నిటికీ ఉమ్మడిగా ఒక నిలువురాయి కావాలి. ఆ రాయి తేటమ్మ గడప. ఏ లోకం నుంచి తలుపు తీసినా అదే గడప, అదే క్షణం. లోకాల మధ్య తిరిగే వర్తకులు అప్పుపత్రాల మీద తేదీ వేయాలంటే అక్కడికి రావాల్సిందే. తిరగలి కింది రాయి లాంటిది ఆవిడ: తాను తిరగదు, పైన తిరిగేదంతా తన మీద ఆని తిరుగుతుంది.

రూపాలు లోకానికొకటి ఇవ్వండి, గుర్తు మాత్రం ఒకటే ఉంచండి. నీళ్లే తప్ప నేల లేని లోకంలో ఆవిడ అల లేని ఒక గుండ్రటి మడుగు. యంత్రాల నగరంలో ఎవరూ నూనె వేయకపోయినా తుప్పు పట్టని, ఎన్నడూ తిరగని ఒక పళ్లచక్రం. ఎడారిలో ఇసుకతుపాను తప్పుకుని పోయే ఒక నూతిగట్టు. ఎక్కడైనా ఆవిడ ఆపిన వస్తువు అంచున తెల్లటి ఉప్పుచార ఒకటి మిగులుతుంది. ఆటగాళ్లు మూడో లోకంలో ఆ చారను చూసి "ఇది మళ్లీ ఆవిడే!" అని ఒకళ్ల మొహాలు ఒకళ్లు చూసుకోవాలి. ఆ క్షణం కోసమే ఈ శ్రమంతా.

భక్తులు, పూజారి, పండగ

సిద్ధాంతం పక్కన పెట్టి పండగ రాయండి. జనానికి దేవత తెలిసేది పండగలోనే. మన గ్రామదేవతల ఉత్సవాల్లో గమనించాల్సింది పనుల పంపకం. సిరిమాను ముందు బెస్తవారి వల నడుస్తుంది, పాలధార నడుస్తుంది, అంజలి రథం, తెల్ల ఏనుగు నడుస్తాయి. ఒక్కొక్కదానికీ వెనక ఒక్కో వర్గం, ఒక్కో హక్కు. మీ పండగలోనూ ఎవరి వాటా ఏమిటో రాయండి.

తేటమ్మ పండగ పేరు నిలుపు. మూడు రోజుల ముందు నుంచీ చాటింపు. నిలుపు నాడు డప్పు వీధివీధీ తిరిగి, సరిగ్గా దరువు మధ్యలో ఆగిపోతుంది. ఆ క్షణానికి ఎవరు ఎక్కడుంటే అక్కడే. ఉప్పుపని వాళ్లు గుడి ముందు పళ్లెంలో పోసిన ఉప్పునీటి మీద పూత కట్టేదాకా కదలకూడదు. కదిలినవాళ్లు కుంచం ఉప్పు దండుగ కట్టాలి. మినహాయింపులు తప్పకుండా పెట్టండి, నమ్మకం కలిగేది వాటితోనే: మంత్రసానికి లేదు, చంటిబిడ్డకు పాలిచ్చే తల్లికి లేదు, నడిఏట్లో ఉన్న పడవవాడికి లేదు. పిల్లలకు అసలే లేదు, పైగా ఆ కాసేపూ పెద్దవాళ్లకు చక్కిలిగింతలు పెట్టే హక్కు వాళ్లది. ఊరి పెద్ద మీసం లాగి దండుగ కట్టించిన పిల్లను ఏడాదంతా చెప్పుకుంటారు.

పూజారిని ఎంచుకునేటప్పుడు రాయిలా కూర్చునే మనిషిని పెట్టాలనిపిస్తుంది. పెట్టొద్దు. తేటమ్మ పూజారిణికి చేతులు వణుకుతాయి. వయసు వల్ల అని ఊళ్లో అనుకుంటారు. అసలు సంగతి, తాను ఆపిన కదలికల్లో ఇంకా తిరిగి రాని వాటిని తేటమ్మ ఈ పూజారిణి ఒంట్లో దాచింది. వణుకు పెరుగుతోందంటే లోపల అప్పు పెరుగుతోందని లెక్క. ఈ రహస్యం కథ సగం దాటాక బయటపడనివ్వండి.

శత్రువు గురించి ఎక్కువ చెప్పను. వేగదేవుణ్ని ఎదురుగా నిలబెట్టడం అందరూ చేసేదే. అంతకంటే ఆవిడ భక్తులనే చూడండి: పిల్లలు పెద్దవకూడదని ఆపించుకున్న తల్లి, ధర పడిపోకుండా సంతను ఆపించుకున్న షావుకారు, ఓడిపోతున్న యుద్ధాన్ని ఆపించుకున్న రాజు. ముగ్గురికీ ఎదురుగాలి బాకీ ఉంది.

బల్ల మీద ఆడించేటప్పుడు

ఇది ఆట నడిపేవాళ్లకు. కథ మాత్రమే రాసేవాళ్లు ఈ భాగం దాటేయొచ్చు.

1974లో గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ డంజన్స్ అండ్ డ్రాగన్స్ తెచ్చినప్పటి నుంచీ ఈ రకం ఆటల్లో దేవుళ్లూ వాళ్ల భక్తులకు శక్తులూ మామూలైపోయాయి. మనిషిని కదలకుండా బంధించే మంత్రం కూడా అందులో ఉంది. నిశ్చలత్వ దేవత అనగానే చేయి దాని మీదికే పోతుంది. కానీ బల్ల దగ్గర దాని ఫలితం ఏమిటంటే, మంత్రం తగిలినవాడు తన వంతు పోగొట్టుకుని చిప్స్ తింటూ కూర్చుంటాడు. రెండు వంతులు పోతే వచ్చే వారం "పనుంది రా" అంటాడు. శిక్షగా కాకుండా బహుమతిగా మార్చండి. ఒక రౌండంతా తన ఇష్టంతో కదలకుండా, దెబ్బ కొట్టకుండా ఉన్న ఆటగాడికి ఒక కల్లుప్పు రాయి ఇవ్వండి, నిజం ఉప్పురాయే. మూడు రాళ్లు పోగైతే ఎదుటివాడు చేసే ఒక పనిని ఆపొచ్చు. పరుగెత్తితే ఒక రాయి పోతుంది. తడిస్తే అన్నీ పోతాయి. జూన్ ఉక్కపోతలో అరచేతిలో పట్టుకున్నవాడి రాయి చెమటకే కరగడం మొదలవుతుంది. అదీ నియమంలో భాగమేనని ముందే చెప్పేయండి, గొడవ ఉండదు. ఆపిన ప్రతి పనినీ మీరు చాటుగా ఒక కాగితం మీద రాసుకోండి. ఎదురు దిక్కు నుంచి ఎప్పుడు రావాలో నిర్ణయించేది మీరే.

ఈ ఆటల్లో వాడే ఇరవై ముఖాల పాచిక దొరకకపోతే చింతపిక్కలు చాలు. నాలుగు పిక్కల్ని ఒక పక్క తెల్లగా అరగదీయండి. నాలుగూ తెల్లగా పడే అవకాశం పదహారింట ఒకటి, రెండు తెల్లవి పడే అవకాశం పదహారింట ఆరు. పిక్క రెండు వైపులా సమానంగా పడితేనే ఈ లెక్క, అందుకని ముందు కొన్నిసార్లు వేసి చూసుకోండి. అరుదైన అనుగ్రహానికి నాలుగు తెల్లలు, మామూలు పనికి రెండు అని పెట్టుకుంటే ఆట బాగా నడుస్తుంది.

మీరు చేసినదాన్ని నలుగురితో పంచుకోవాలనుంటే ఇంకో మంచి సంగతి: డంజన్స్ అండ్ డ్రాగన్స్ ఐదో ఎడిషన్ మూల నియమావళిని 2023 జనవరిలో క్రియేటివ్ కామన్స్ లైసెన్సు కింద విడుదల చేశారు. మూలాన్ని పేర్కొంటే చాలు, ఆ నియమాల మీద మీ దేవతను కట్టి ప్రచురించుకోవచ్చు.

ఆవిడ గొంతు

తేటమ్మ చేత మాట్లాడించకండి. ఆవిడ వచ్చిందని చెప్పాలంటే, అప్పటిదాకా వినిపిస్తున్నది ఒకటి ఆగాలి: ఇలకోడి, తెడ్డు చప్పుడు, పక్కవాడి గొణుగుడు. అందుకోసం సన్నివేశం మొదట్లోనే ఏదో ఒక చప్పుడు పెట్టి ఉంచుకోండి. మాట్లాడాల్సింది ఆవిడ మనుషులు, అదీ మామూలు మనుషుల్లా. గ్రాంథికంలో దీవించే సన్యాసులు వద్దు. సైన్యం తరుముకొస్తుంటే పారిపోతున్న కుర్రాడికి మడి గట్టు మీద ముసలమ్మ ఎదురైందనుకోండి:

"అమ్మా, ఇటు దిగి పోతే కోట ఎంత దూరం?"

"దిగకు బావూ, నీల్లు కదిలిపోతాయి. పూత కడతంది."

"వెనక సైన్యం వస్తోందమ్మా!"

"వస్తే రానీ. ఆల్లకీ కాల్లున్నాయి కదా, ఆల్లూ నిలబడతారు. రవ్వసేపు కూకో."

అంతే చాలు. ఆవిడ ఎవరో, ఏం చేయగలదో ఇంకో వాక్యం చేర్చి చెప్పాలనిపిస్తుంది. చెప్పొద్దు.

చివరిగా ఇదంతా రెండు కాగితాల మీదికి దించండి. ఆటగాళ్లకు ఇచ్చేదాంట్లో ఉప్పుచార, నీలి దీపం, నిలుపు పండగ, మూడు రాళ్ల నియమం ఉండాలి. మీ దగ్గర ఉంచుకునేదాంట్లో ఎదురు దిక్కు నియమం, పూజారిణి వణుకు, ఇప్పటిదాకా పోగైన బాకీల పట్టిక ఉండాలి. రెండో కాగితాన్ని ఫోన్లో ఫొటో తీసి దాచుకునేటప్పుడు మీ ఆట గ్రూపులోకి పొరపాటున పంపకుండా చూసుకోండి.